తెర మీద చచ్చే ఉద్యోగం

ఇల్యాస్ బుర్నాష్‌కి తన ముక్కు వల్ల వచ్చిన మొదటి పని సినిమాలో కాదు, యుద్ధం రోజుల్లో. కోబేలో కొండవాలు వీధిలో వాళ్ళ ఇల్లు. ఆ వీధి ఆడవాళ్ళకి వెదురు బల్లేలతో పొడవడం నేర్పడానికి రిటైరైన హవల్దారు ఒకడు వచ్చేవాడు. పొడవడానికి అమెరికావాడి గడ్డిబొమ్మ కావాలి. బొమ్మ తయారైంది గానీ ముక్కు దగ్గర పేచీ వచ్చింది. ఎంత పొడుగుండాలి, ఎటు వంగాలి అని కాసేపు తర్జనభర్జన పడ్డాక హవల్దారు, ఆ ఉన్నిగుడ్డల వాళ్ళ అబ్బాయిని పిలవండి అన్నాడు. ఇల్యాస్ వెళ్ళి బొమ్మ పక్కన నిలబడ్డాడు. హవల్దారు అతని ముక్కుని రెండు వేళ్ళతో పట్టుకుని కొలత తీసి, అంతే ముక్కు గడ్డితో చుట్టించాడు. చిన్నప్పటి నుంచి అతని చేతిలో వేడి చిలగడదుంపలు పెట్టిన ఆడవాళ్ళందరూ వరసగా వచ్చి ఆ బొమ్మని పొడిచారు. పొడిచి, అతని వైపు తిరిగి నవ్వారు. ఇల్యాస్ కూడా నవ్వాడు. నవ్వకపోతే ఏమవుతుందో తెలిసే వయసే అది.

వాళ్ళది తాతారు ముస్లిముల కుటుంబం. తండ్రి వోల్గా ఒడ్డు మనిషి. విప్లవంలో ఊరు తగలబడిపోతే మంచూరియా మీదుగా పడుతూ లేస్తూ వచ్చి కోబే రేవులో దిగాడు. భుజాన ఉన్నిగుడ్డల మూట వేసుకుని గడపగడపకీ తిరిగి బతికాడు. ఇల్యాస్ పుట్టింది, పెరిగింది కోబేలోనే. ఇంట్లో తాతారు మాట, తండ్రి స్నేహితులు వస్తే కాస్త రష్యను, గుమ్మం దాటితే రేవు జనం మాట్లాడే కోబే యాస. కలలు కూడా ఆ యాసలోనే వచ్చేవి. మనిషి ఏ దేశంవాడో చెప్పే కాగితం మాత్రం ఒక్కటీ లేదు. కోబే మీద బాంబులు కురిసిన రోజున ఇల్లూ, మూటా, తండ్రీ ఒక్కసారే పోయారు. తల్లి అంతకు ముందే పోయింది, అదృష్టవంతురాలు.

యుద్ధంలో ఓడిన జపానులో అమెరికా సైన్యం దిగాక టోక్యో చేరి తండ్రి చేసిన పనే ఎత్తుకున్నాడు. ఇప్పుడు అదే ముక్కుని చూసి జనం వంగి వంగి దణ్ణాలు పెట్టసాగారు. పిల్లలు చాక్లెట్లు అడుగుతూ వెంటపడేవారు. అసలు అమెరికా సైనికులు మాత్రం వీడు మనవాడు కాదని ఇట్టే పసిగట్టి, తమ రైలుపెట్టెలోంచి బూటుకాలితో తన్ని దింపేసేవారు. ఆ రోజుల్లోనే ఒక దర్జీ కూతురు టోవాకో అతన్ని చేసుకుంది. ఆమెకి నిశ్చయమైన కుర్రాడు దక్షిణ సముద్రాల్లో ఓడతో పాటు మునిగిపోయాడు. ఇల్యాస్‌ని ఎందుకు చేసుకున్నావని అడిగితే, ఆ ముఖంలోంచి ఆ యాస ఊడిపడుతుంటే నవ్వాపుకోలేకపోయానని చెప్పేది. తండ్రి ఆమెని గడప తొక్కనివ్వలేదు. అక్కగారు ఒక్కర్తే చాటుమాటుగా వచ్చిపోయేది. ఏడాది తిరిగేసరికి కూతురు పుట్టింది. రేయ్‌కో అని పేరు పెట్టుకున్నారు. కళ్ళు తల్లివి, ముక్కు తండ్రిది.

సినిమా పని ఉయేనో స్టేషను దగ్గర దొరికింది. గుడ్డల మూట దించుకుని నిలబడి ఉడోన్ సేమ్యా పులుసు తాగుతుంటే, స్టూడియో మనిషి ఒకడు వచ్చి అటూ ఇటూ తిరిగి పక్కనుంచి ముఖం చూసి, రేపు పొద్దున రండి, ఏమీ చెయ్యక్కర్లేదు, అరుస్తూ పరిగెత్తాలంతే అన్నాడు. వెళ్ళాడు. వనిరాన్ అనే మొసలి రాక్షసి సముద్రంలోంచి లేచి అమెరికా ఓడని నమిలేసే ఘట్టం. ఓడ మీద అమెరికన్లుగా నిలబడ్డవాళ్ళలో అమెరికావాడు ఒక్కడూ లేడు. అందరూ నగరంలో దిక్కులేకుండా తిరిగే రష్యన్లు, తురుష్కులు. మిఠాయి కొట్టు జర్మనువాడు ఒకడు. అందరూ ప్రాణభయంతో బాగా అరిచారు. ఆ అరుపుని ఎవరికీ నేర్పనక్కరలేకపోయింది.

ఇల్యాస్ అరుపు డైరెక్టరు ఇస్షికి చెవిన పడింది. ఇస్షికి ఎండు మనిషి, ఎప్పుడూ ఎండు స్క్విడ్ చేప ముక్క నములుతూ ఉండేవాడు. రెండో సినిమాకి ఇల్యాస్‌ని పిలిచి, జనరల్ దుస్తులు తొడిగి, ఒక మాట ఇచ్చాడు. వనిరాన్ ఒడ్డుకి వస్తుంటే జనరల్ దుర్భిణీ దించి, మిత్రులారా, దానికి ఆగ్రహం వచ్చింది అనాలి. ఇల్యాస్ ఆ వారమంతా టోవాకో ఎదుట చెప్పి చెప్పి సాధన చేశాడు. సెట్టు మీద కెమెరా తిరగ్గానే గొంతు సవరించుకుని దివ్యంగా చెప్పాడు. అతని నోట ఎంత మర్యాదైన మాటైనా కోబే రేవులో చేపలమ్మేవాడి మాటలాగే వస్తుంది. లైట్లు పట్టుకున్నవాళ్ళ దగ్గరనుంచి మొసలి తోలులో దూరి కూర్చున్న మనిషి దాకా పగలబడి నవ్వారు. తోలులోపల నవ్వుకి మొసలి పొట్ట ఎగిరెగిరి పడింది.

ఇస్షికి ఒక్కడే నవ్వలేదు.

"ఆ ముఖానికి ఈ మాట అతకదు" అన్నాడు. "మాట మార్చండి."

"నేనిక్కడ పుట్టినోణ్ణండీ. నా మాట ఇదేనండి మరి" అన్నాడు ఇల్యాస్.

"మీరెక్కడ పుట్టారో టిక్కెట్టు కొన్నవాడికి అనవసరం. విదేశీయుడు విదేశీయుడిలా మాట్లాడాలి. నేను చెబుతాను, నేర్చుకోండి."

దేశం దాటి ఎన్నడూ ఎరగని ఇస్షికి, విదేశీయుడు ఎలా మాట్లాడతాడో అతనికి నేర్పడం మొదలుపెట్టాడు. నాలుక మడత పెట్టు, మాటకీ మాటకీ మధ్య ఆగు, చివర అక్షరం సాగదియ్యి, కళ్ళు పెద్దవి చెయ్యి. మధ్యాహ్నం దాకా సాగింది ఆ పాఠం. భోజనానికి అందరికీ పంది మాంసం వేపుడు పెట్టిన డబ్బాలు వచ్చాయి. ఇల్యాస్ వేపుడు పక్కవాడికిచ్చి, ఉత్త అన్నంలో ముల్లంగి ఊరగాయ నంజుకుని తిని, మళ్ళీ లేచి నిలబడ్డాడు. చివరికి ఇస్షికి చేత సరేననిపించుకున్న మాట ఇది: "మిత్రులారా... జంతువు... చాలా కోపం... వచ్చుచున్నది."

ఆ సినిమా విడుదలయ్యాక భార్యనీ, కూతుర్నీ వెంటబెట్టుకుని కిన్‌షిచోలో హాలుకి వెళ్ళాడు. టోవాకో ఉన్నంతలో మంచి కిమోనో కట్టుకుంది. రేయ్‌కో అప్పటికి రెండో తరగతి. తెర మీద జనరల్ దుర్భిణీ దించి ఆ మాట అనగానే హాలంతా ఘొల్లున నవ్వింది. నవ్వు ఇంకా ఆగకముందే వనిరాన్ పాదం దిగి జనరల్‌ని చీమలా నలిపేసింది. అప్పుడు చప్పట్లు పడ్డాయి. అంతకు ముందు మొసలి కాలికింద జపాను పల్లె నలిగినప్పుడు ముక్కులు చీదుకున్నవాళ్ళే ఈ చప్పట్లు కొట్టారు. వెనక వరసలో చెయ్యి లేని మనిషి ఒకడు, ఉన్న చేత్తో ముందు కుర్చీ బాదుతూ, అద్దీ లెక్క అన్నాడు. ఆ కుర్చీ ఇల్యాస్‌ది. బాదిన ప్రతిసారీ అతని వీపు అదిరింది.

రేయ్‌కో చీకట్లో తండ్రి చెయ్యి వెతుక్కుని పట్టుకుంది. "నాన్నా, నువ్వు చచ్చిపోతే వాళ్ళకెందుకు అంత సంతోషం?" అని అడిగింది.

"నేను బాగా చచ్చానమ్మా, అందుకని" అన్నాడు ఇల్యాస్.

అక్కడినుంచి అదే అతని ఉద్యోగమైంది. జనరల్, శాస్త్రవేత్త, రాయబారి, గూఢచారి, పేరు లేని దేశానికి ప్రధానమంత్రి, అన్నీ వేశాడు. అన్నిట్లోనూ చచ్చాడు. నీళ్ళలో మునిగాడు, ఆమ్లంలో కరిగాడు, సాలెపురుగు నోట పడ్డాడు. ఇస్షికి దానికో సిద్ధాంతం చెప్పేవాడు. జపానువాడు చస్తే జనం ఏడవాలి, వీడు చస్తే జనానికి హాయిగా ఉండాలి, రెండూ పడితేనే సినిమా కడుపు నింపుతుంది అనేవాడు. ఇల్యాస్ ఎదుటే అనేవాడు. అందులో దాచాల్సిందేముందని అతని ఉద్దేశం.

జంతువు చాలా కోపం వచ్చుచున్నది అన్న మాట దేశమంతా పాకింది. స్నానశాలలో సబ్బు నురగతో ఉన్న పిల్లలు అతన్ని చూడగానే దాన్ని అందుకునేవారు. చేపల దుకాణం వాడు బంగడాలు కాగితంలో చుడుతూ టోవాకోతో, ఈ చేప చాలా తాజా వచ్చుచున్నది అనేవాడు. ఇల్యాస్ మొదట్లో తన అసలు మాటలో జవాబిచ్చేవాడు. జవాబు విన్నవాళ్ళ ముఖాలు చిన్నబోయేవి, కొనుక్కున్న బొమ్మ విరిగి వచ్చినట్టు. సినిమా పని లేని రోజుల్లో ఇంకా మూట మోస్తూనే ఉన్నాడు. అలా చిన్నబోయినవాళ్ళు గుడ్డ కొనరు. అందుకని మెల్లిగా గుమ్మాల దగ్గర కూడా ఇస్షికి నేర్పిన భాషే మాట్లాడటం మొదలుపెట్టాడు. కోబే యాస ఇంటికి పరిమితమైంది. కొన్నాళ్ళకి ఇంట్లోనూ మాటలు తగ్గాయి.

ఒక శీతాకాలం, అమెరికాలో అమ్ముకోవడానికి పనికొస్తుందని, అక్కడ పాతబడిపోయిన హీరో ఒకణ్ణి ఇస్షికి సినిమాకి తెప్పించారు. బ్రెంట్ కోల్విల్ అతని పేరు. పొద్దున పదికే నోరు విస్కీ కంపు కొట్టేది. మీవాడే కదా, కాస్త కనుక్కోండి అని స్టూడియో వాళ్ళు ఇల్యాస్‌ని అతని పక్కన కూర్చోబెట్టారు. ఇల్యాస్‌కి ఇంగ్లీషు పది ముక్కలు కూడా రావు. రాదని చెబితే నమ్మినవాడు లేడు. కోల్విల్ ఏదో గొణిగేవాడు, ఇల్యాస్ తోచింది చెప్పేవాడు, పని జరిగిపోయేది. కోల్విల్ అతన్ని అలీ అని పిలిచేవాడు. పేరు అది కాదని చెప్పడానికి కూడా ఇంగ్లీషు కావాలి కదా.

అందులో హీరో సముద్రంలో దూకి, మొసలి తోక దెబ్బ తిని, ఈదుకుంటూ ఒడ్డుకి రావాలి. స్టూడియో వెనక పెద్ద నీళ్ళ తొట్టి ఉంది. జనవరి నెల, పొద్దున్నే అంచుల్లో మంచు పేరుకుని ఉండేది. కోల్విల్ ఆ నీళ్ళలో ఒక వేలు పెట్టి చూసి, తిరిగి వెళ్ళి కారులో కూర్చున్నాడు. ఇస్షికి కళ్ళు ఇల్యాస్ మీద పడ్డాయి. వెనకనుంచి చూస్తే ఎవరైనా ఒకటే అన్నాడు. నెత్తి మీద ఏదో మందు పోసి జుట్టుకి పసుపు రంగు తెప్పించారు. చర్మం బొబ్బలెక్కింది. ఆ బొబ్బల నెత్తితోనే నీళ్ళలో దూకాడు. తోక సరిగ్గా తగల్లేదు. మళ్ళీ దూకమన్నారు. తోక అందింది గానీ దాన్ని లాగే తీగ కనబడింది. మళ్ళీ దూకమన్నారు.

"అయ్యా, కాళ్ళు నాయో కావో తెలీట్లేదండి" అన్నాడు ఇల్యాస్, తొట్టి అంచు పట్టుకుని వేలాడుతూ.

"కాళ్ళు నీళ్ళ కింద ఉంటాయి, కనబడవు" అన్నాడు ఇస్షికి.

మధ్యాహ్నం అన్నాలవేళకి గానీ తోక కుదరలేదు. ఆ రాత్రికే జ్వరం, మర్నాటికి నిమ్ము. ఆస్పత్రిలో వసంతం దాకా పడుకున్నాడు. ఒక ఊపిరితిత్తి మళ్ళీ మామూలు కాలేదు. ఒకరోజు ఇస్షికి సహాయకుడు సంచీడు కమలాపళ్ళు పట్టుకుని చూడటానికి వచ్చాడు. ఇల్యాస్‌కి ఆ సినిమాలో ఒక వేషం ఉంది, దానికి గొంతు ఇవ్వడం మిగిలిపోయింది. అదే బెంగగా ఉందని చెప్పాడు, తొందరగా లేచి వచ్చి చెప్పేస్తానన్నాడు.

సహాయకుడు ఉత్సాహంగా, "బెంగ పెట్టుకోకండి, అయిపోయింది. రేడియోలో వంటనూనె ప్రకటనలు చదువుతాడే, అతనితో చెప్పించాం. మీలాగ మీకంటే బాగా చెప్పాడు" అన్నాడు.

సినిమా వచ్చింది. తేడా ఎవరూ కనిపెట్టలేదు. టోవాకో కూడా కనిపెట్టలేదు. ఇల్యాస్ ఆ సంగతి ఆమెకి చెప్పలేదు.

ఆ ఏడు రేయ్‌కో ఆరో తరగతి. శరదృతువులో బడి ఆటలపోటీలు వచ్చాయి. అంతకు ముందు రెండేళ్ళూ ఏదో సాకు చెప్పి తండ్రిని రానివ్వలేదు. ఈసారి సాకు కూడా చెప్పలేదు, నువ్వు రావద్దు నాన్నా అంది సూటిగా. సరేనన్నాడు. కానీ టోవాకో అన్నం ముద్దలు కట్టుకుని వెళ్ళాక ఇంట్లో ఒక్కడూ కూర్చోలేకపోయాడు. టోపీ ముఖం మీదకి లాక్కుని, బడి గోడ పక్కన గుడారం వెనక నిలబడి చూద్దామని వెళ్ళాడు.

గుడారం ముందు పిల్లలు గుంపుగా ఉన్నారు. నవ్వులు వినబడుతున్నాయి. గుడ్డ సందులోంచి చూశాడు. మధ్యలో రేయ్‌కో. అట్టముక్క చుట్టి ముక్కు మీద పెట్టుకుంది. వీపు కాస్త వంచి, ఎడం కాలు ఈడుస్తూ, రెండడుగులకోసారి ఆగి దగ్గుతోంది. ఆ కాలు ఈడవడం తొట్టిలో దూకాక వచ్చింది. ఆ దగ్గూ అప్పటిదే. తర్వాత లేని దుర్భిణీ దించి, కళ్ళు పెద్దవి చేసి ఆ మాట అంది. ఇస్షికి చూస్తే ఎగిరి గంతేసేవాడు. పిల్లలు పొట్టలు పట్టుకుని నవ్వారు. మళ్ళీ మళ్ళీ చెయ్యమన్నారు. వాళ్ళలో ఒక పిల్ల రేయ్‌కో భుజం మీద చెయ్యి వేసి, నువ్విక మా జట్టులోనే అంది. ఐదేళ్ళుగా ఆ బడిలో ఎవరూ రేయ్‌కో భుజం మీద చెయ్యి వెయ్యలేదని ఇల్యాస్‌కి తెలుసు. ఇంటికొచ్చి తల్లి దగ్గర ఏడ్చినప్పుడు గోడ అవతలనుంచి విన్నవే అవన్నీ.

గాలికి గుడారం గుడ్డ లేచింది. రేయ్‌కో తండ్రిని చూసింది. చూస్తూనే ఉంది. తర్వాత ముక్కు సర్దుకుని, తల తిప్పుకుని, మొదటినుంచీ మళ్ళీ చేసింది. ఈసారి దగ్గు ఇంకాస్త పొడుగ్గా.

ఇల్యాస్ ఇంటికి వచ్చేశాడు. సాయంత్రం రేయ్‌కో పరుగులో గెలుచుకున్న పెన్సిళ్ళు బల్ల మీద పెట్టింది. బాగున్నాయన్నాడు. కూతురికి ఆనాటి నుంచి స్నేహితురాళ్ళు దొరికారు.

అటుపైన రెండు మూడేళ్ళకి పావెల్ గ్రిగోరియెవిచ్ అనే ముసలాయన సెట్టు మీదకి వచ్చాడు. ఆయన రష్యను, పియానో పాఠాలు చెప్పుకునేవాడు. వేళ్ళు వంకరపోయి పాఠాలు పోయాయి. జపానులో అంతకాలం బతికినా భాష పట్టుబడలేదు, నిజంగానే పట్టుబడలేదు. ఇస్షికి అతన్ని ఇల్యాస్‌కి అప్పగించి, విదేశీయుడిలా మాట్లాడటం నేర్పండి అన్నాడు.

ఇల్యాస్ రష్యనులో రెండు ముక్కలు చెబితే సరిపోయేది. చెప్పలేదు. అందరి మధ్య కుర్చీ వేయించి ముసలాయన్ని కూర్చోబెట్టి, జపనీసులోనే పాఠం మొదలుపెట్టాడు. నాలుక మడత పెట్టు. ఆగు. సాగదియ్యి. ముసలాయన తప్పు పలికినప్పుడల్లా ఇల్యాస్ దాన్ని పట్టుకుని, ఇంకాస్త వంకర చేసి సెట్టంతటికీ వినిపించాడు. లైట్లవాళ్ళు నవ్వారు. మేకప్పువాళ్ళు పని మాని వచ్చి నిలబడ్డారు. ఇన్నేళ్ళలో మొదటిసారి ఆ నవ్వు తన ఒంటి మీద పడకుండా ఇంకొకడి మీద పడుతోంది. చలికాలం ఎండలో నిలబడ్డంత సుఖంగా ఉంది. ఆపబుద్ధి కాలేదు.

ముసలాయన చేతిరుమాలుతో మెడ తుడుచుకుని, మెల్లిగా రష్యనులో, "బాబూ, మీ నాన్న నాకు తెలుసు. కోబేలో మా ఇంటికి వచ్చేవాడు. నా భార్య పియానో వాయిస్తే ఏడ్చేవాడు" అన్నాడు.

ఇల్యాస్ చుట్టూ ఉన్నవాళ్ళ వైపు తిరిగి, కళ్ళు పెద్దవి చేసి, "మిత్రులారా... నాకు... రష్యా భాష... తెలియకుండా... వచ్చుచున్నది" అన్నాడు.

సెట్టు దద్దరిల్లిపోయింది. ఇస్షికి సైతం నమలడం ఆపి నవ్వాడు. ముసలాయన కింది పెదవి వణికింది. ఆ వణుకుతోనే కెమెరా ముందుకి వెళ్ళి తన మాట చెప్పాడు. కళ్ళనీళ్ళు కారుతున్నాయి, మాట ముక్కలు ముక్కలుగా వస్తోంది, ప్రతి ముక్కా తప్పే. ఇస్షికి కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు.

ఆ సినిమాలో జనానికి నచ్చింది ముసలాయనే. తర్వాతి సినిమాకి స్టూడియోకి వెళితే ఇల్యాస్ జనరల్ దుస్తులు ముసలాయన కొలతకి కుదిస్తున్నారు. ఇస్షికి ఏమీ దాచలేదు. "మీరు బాగానే చేసేవారు. కానీ అతనిది నిజం. నిజం దొరికాక నకలెందుకు?" అన్నాడు. తలుపు దగ్గర పావెల్ గ్రిగోరియెవిచ్ ఎదురయ్యాడు. టోపీ తీసి పలకరించాడు, జపనీసులోనే, తన వంకర మాటల్లోనే. ఇక ఎన్నడూ ఇల్యాస్‌తో రష్యనులో మాట్లాడలేదు.

ఆ తర్వాత ఇల్యాస్ కొన్నాళ్ళు అరిచి పరిగెత్తే గుంపులో చేశాడు. పరిగెడితే దగ్గు వచ్చేది. అరుపు మధ్యలో దగ్గేవాడు పనికిరాడని అదీ మాన్పించారు. అప్పటికి బంగారు రంగు జుట్టున్న అమెరికా విద్యార్థులు టోక్యోలో బోలెడుమంది దొరుకుతున్నారు. టోవాకో కోబే వెళ్ళిపోదామంది. రేయ్‌కోని పెద్దమ్మ ఇంట్లో చదువుకి ఉంచి ఇద్దరే వెళ్ళారు. చిన్నప్పటి కొండవాలు వీధిలోనే, కొత్తగా కట్టిన మేడల వెనక రెండు గదులు దొరికాయి. ఇల్యాస్ మళ్ళీ మూట భుజానికెత్తుకున్నాడు. ఎత్తు ఎక్కలేక మూట సగానికి సగం చేసుకున్నాడు. కోబే యాస నోటికి తిరిగి వచ్చింది గానీ అతుకులతో వచ్చింది. మాటల మధ్య ఆగడం పోలేదు. పుట్టిన వీధిలోవాళ్ళు మీరు ఎన్నాళ్ళయింది జపాను వచ్చి అని అడిగేవారు.

రేయ్‌కో చదువు ముగించి టోక్యోలోనే ఒక కంపెనీలో చేరింది. ఏడాదికోసారి వచ్చిపోయేది. ఇరవై నాలుగో ఏట ఒకసారి చెప్పకుండా వచ్చింది. టోవాకో వేయించిన బంగడా, చిక్కుడు పులుసు పెడితే సగం తిని చాప్‌స్టిక్‌లు కింద పెట్టింది. పెళ్ళి కుదిరిందని చెప్పింది. కుర్రాడిది మందుల దుకాణాల కుటుంబం, మర్యాదస్తులు. టోవాకో ముఖం వెలిగింది. ఇల్యాస్ లేచి గోడ బీరువా తీసి, ఎవరికీ అమ్మకుండా దాచుకున్న ముదురు నీలం ఉన్నిగుడ్డ తెచ్చి కూతురి ముందు పరిచాడు. పెళ్ళికొడుకుకి సూటు కుట్టించమన్నాడు. రేయ్‌కో గుడ్డని ముట్టుకోలేదు.

"వాళ్ళకి నాన్న లేరని చెప్పాను" అంది. "అమెరికా ఇంజనీరు, నా చిన్నప్పుడే పోయారని."

టోవాకో గిన్నె కింద పెట్టేసింది. కుర్రాడికి నిజం తెలుసా అని అడిగింది.

"తెలుసు. అలా చెప్పమన్నది అతనే. వాళ్ళ నాన్న ఆ పాత మొసలి సినిమాలన్నీ చూశారు."

ఇల్యాస్ గుడ్డ మడతలు సరిచేస్తూ కూర్చున్నాడు. కోపం వస్తుందేమోనని ఎదురు చూశాడు. రాలేదు. వేరే సందేహం వచ్చింది.

"ఎలా పోయానమ్మా?" అని అడిగాడు.

రేయ్‌కో తల్లి వైపు చూసింది. తల్లి చూపు నేల మీద ఉంది. "కారు ప్రమాదం" అంది.

"కారా. అయితే పెద్దగా బాధ పడుండను" అన్నాడు ఇల్యాస్. గుడ్డ అంచు నిమిరి, "ఇంజనీరంటే మంచి వేషవే. నాకెప్పుడూ ఇవ్వలేదు" అన్నాడు.

రేయ్‌కో అప్పుడు ఏడ్చింది. ఏడుస్తూ కూడా, పోనీ నువ్వు రా నాన్నా అనలేదు. ఇల్యాస్ కూడా ఓదార్చలేదు. చేతికందేంత దూరంలోనే కూర్చుని ఉంది. ఆమె ఏడుస్తున్నంతసేపూ ముక్కు చివర ఎలా ఎర్రబడుతోందో చూస్తూ కూర్చున్నాడు, తనదీ అలాగే ఎర్రబడుతుందని. సాయంత్రం రైలుకి వెళ్ళిపోయింది. గుడ్డ అక్కడే ఉండిపోయింది. మర్నాడు ఇల్యాస్ దాన్ని ఒక పళ్ళ డాక్టరు భార్యకి అమ్మేశాడు, గట్టిగా బేరమాడి.

పెళ్ళికి తల్లి వెళ్ళక తప్పదు, విధవరాలిగా. టోవాకో వెళ్ళనని మొండికేసింది. ఇల్యాసే నచ్చజెప్పాడు. పిల్లకి తల్లి కూడా చచ్చిపోతే బాగుండదు, జనం అనుమానిస్తారు అన్నాడు. ఆ రోజు పొద్దున ఆమె పెళ్ళిళ్ళకి కట్టే నల్ల కిమోనో కట్టుకుంటే వెనక నడికట్టు బిగించి ముడి వేశాడు. ఊపిరి చాలక రెండుసార్లు ఆగాల్సి వచ్చింది. వీధిలోవాళ్ళకి దూరపు చుట్టాల పెళ్ళి అని చెప్పి వేగం రైళ్ళ కోసం కొత్తగా కట్టిన స్టేషను దాకా సాగనంపాడు.

రైలెక్కి కిటికీ పక్కన కూర్చోబోతూ టోవాకో మళ్ళీ గుమ్మం దగ్గరకి వచ్చింది. "పులుసు గిన్నెలో ఉంది. మర్చిపోకుండా వేడి చేసుకోండి" అంది.

"చచ్చినోడికి పులుసేటే. చల్లారినా తినేత్తాడు" అన్నాడు ఇల్యాస్.

ఆ ముఖంలోంచి ఆ యాస ఊడిపడితే నవ్వాపుకోలేక చేసుకున్న మనిషి, ఆ రోజు నవ్వలేదు. తలుపు మూసుకుంది. ఇల్యాస్ ప్లాట్‌ఫారం మీద వంగి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని దగ్గాడు. పక్కనుంచి వెళుతున్న స్కూలు పిల్లలు కాస్త ఎడంగా జరిగి పోయారు. ఈ కాలం పిల్లలు, అతనెవరో వాళ్ళకి తెలియదు.

స్టేషను బల్ల మీద చాలాసేపు కూర్చుని, ఎత్తంతా ఆగి ఆగి ఎక్కి ఇంటికొచ్చేసరికి మధ్యాహ్నమైంది. టోక్యోలో పెళ్ళి మొదలయ్యే వేళ. పొయ్యి వెలిగించి పులుసు వేడి చేసుకున్నాడు. ఉప్పు తక్కువైంది. లేచి డబ్బా తెచ్చుకుని, చిటికెడు వేసుకుని కలుపుకుని, అన్నమంతా తిన్నాడు. బాగా ఆకలిగా ఉంది.